మచ్చలేని ప్రతులు

"దొరికిందా అమ్మా?"

లోపలి గదిలోంచి భాస్కరరావుగారి గొంతు వినబడగానే వంటింట్లో ముగ్గురికీ ఎక్కడలేని పని ముంచుకొచ్చింది. శేషమ్మగారు తరిగేసిన బీరకాయల్నే మళ్లీ తరగబోయారు. వీరేంద్ర ఫోన్‌లోకి తలదూర్చాడు. కడగడానికి గిన్నెలేవీ లేకపోయినా స్వాతి కుళాయి తిప్పింది.

"వెతుకుతున్నాం నాన్నా!" అని కేకేశాడు వీరేంద్ర.

"బైండింగుకి ఇచ్చానన్నావు కదరా నిన్న?"

వీరేంద్ర నాలుక కరుచుకున్నాడు. హార్బర్‌లో ఏ ఓడ ఎప్పుడొస్తుందో ఎప్పుడు వెళ్తుందో చూసుకోకుండా చెప్పగలడు గానీ, నిన్న తానాడిన అబద్ధం ఇవాళ గుర్తుంచుకోవడం మాత్రం అతనివల్ల కాదు.

"ఆ బైండింగు వాడే వెతుకుతున్నాడటండీ," అని శేషమ్మగారు అందుకున్నారు. "మీరు కాసేపు నడుం వాల్చండి."

లోపల మంచం కిర్రుమంది. ఆయన ఒక్కసారి గట్టిగా కోప్పడినా బాగుండునని స్వాతికి అనిపించింది. మామగారికి కోపం రాదు. వచ్చే మనిషైతే ఆ ఇంట్లో సగం కష్టాలు తీరిపోయేవి.

ఆయన అడుగుతున్న పుస్తకం సముద్రంలో ఉంది. పోర్ట్‌బ్లెయిర్ నుంచి అవతలి ఒడ్డున బాంబూఫ్లాట్‌కి వెళ్లే ఫెర్రీ మీంచి స్వాతే తన చేతులతో దాన్ని నీళ్లలో విడిచిపెట్టింది. నిన్న సాయంత్రం ఏడుస్తూ ఆ మాట భర్తతోనూ అత్తగారితోనూ చెప్పేసింది. అసలు చెప్పాల్సిన మనిషికి మాత్రం ఇంకా చెప్పలేదు.

"కుళాయి కట్టెయ్," అన్నారు శేషమ్మగారు. పొద్దుట్నుంచీ కోడలితో ఆవిడ మాట్లాడిన మొదటి మాట అదే.

స్వాతి కట్టేసింది.

"యుగంధర్ ఫోన్ చేశాడమ్మా," అన్నాడు వీరేంద్ర గొంతు తగ్గించి. "రేపు పొద్దున్న ఫ్లైట్‌కి దిగుతున్నాడు. పుస్తకం చేత్తో పట్టుకెళ్తాడట. కొరియర్ మీద భరోసా లేదంటున్నాడు."

"భరోసా!" అని శేషమ్మగారు కత్తిపీట పక్కకి నెట్టారు. "మన ఇంటి మీద ఉంది కాబోలు పాపం."

యుగంధర్ భాస్కరరావుగారి పాత శిష్యుడు. ఇప్పుడు విశాఖపట్నంలో పాఠాలు చెబుతున్నాడు. గురువుగారి మొదటి పుస్తకం 'ఇటలీలో తెల్లవారింది' మళ్లీ అచ్చువేయడానికి ప్రచురణకర్తను ఒప్పించింది అతనే. ఐదారు వందల ఏళ్ల కిందట మఠాల అటకల మీద పురుగులు తింటూ పడివున్న పాత గ్రంథాల్ని వెతికి తీసి, చదివి, మనిషి అంటే ఏమిటని మళ్లీ మొదట్నుంచీ ఆలోచించిన ఇటలీ పండితుల కథ అది. మెయిన్‌లాండ్ నుంచి ఇంగ్లీషు లెక్చరర్‌గా పోర్ట్‌బ్లెయిర్‌లో దిగిన కొత్తలో, డాలీగంజ్‌లో రేకుల ఇంట్లో అద్దెకుంటూ, రేకుల మీద వాన హోరులో రాశారాయన దాన్ని. తర్వాత ఆ పండితుల మీదే ఇంకో రెండు రాశారు. పేరు తెచ్చింది మాత్రం మొదటిదే.

పుస్తకం అచ్చయింది గానీ ఆయన రాయడం ఆపలేదు. తన ప్రతి ఒకటి దగ్గర పెట్టుకుని కొట్టేసేవారు, అంచుల్లో రాసేవారు, చోటు చాలకపోతే చీటీలు అతికించేవారు. ఏళ్లకేళ్లు అలా రాసి రాసి, చిన్న పుస్తకం కాస్తా ఉబ్బి బొద్దుగా తయారైంది. రెండో కూర్పుకి యుగంధర్ అడిగింది ఆ బొద్దు పుస్తకాన్నే.

"ఒక్కమాట అడుగుతాను చెప్పు," శేషమ్మగారు కోడలి వైపు తిరిగారు. "అంత శుభ్రంగా ఉన్న మిగతా ప్రతులకి అట్టలేసి దాచావు. ఆయన ప్రాణం పెట్టి రాసుకున్నది తీసుకెళ్లి నీళ్లలో వేశావు. నీకు ఎలా చేతులొచ్చాయే?"

"అన్నీ ఒకటే పుస్తకం అనుకున్నానత్తమ్మా. అట్ట మీద బొమ్మ అదే, లోపల పేజీలు అవే. దానికి ఫంగస్ పట్టీసింది. పక్కనున్న వాటిక్కూడా పాకుతోంది. ఒకటి తీసీకపోతే మొత్తం అలమార పోయేది."

"మరి ఆ రాతలు?"

"మావయ్య చదివినప్పుడు పెట్టుకున్న గుర్తులనుకున్నాను. ఎగ్జామ్‌కి మేం కూడా అలాగే గీసుకునేవాళ్లం."

"చదివితే తెలిసేది."

స్వాతి తల దించుకుంది. ద్వీపంలోనే పుట్టి పెరిగిన పిల్ల. తెలుగు గడగడా మాట్లాడుతుంది, హిందీ రాస్తుంది, వండూర్ జెట్టీలో టికెట్ల కౌంటర్లో కూర్చుని టూరిస్టులతో ఇంగ్లీషులో నెట్టుకొస్తుంది. తెలుగు అక్షరాలు మాత్రం రావు. చదివిన స్కూల్లో చెప్పలేదు, ఇంట్లో చెప్పేవాళ్లు లేరు.

"నేనున్నా అదే చేసేవాణ్ణమ్మా," అన్నాడు వీరేంద్ర. "నాకు మాత్రం చదవడం వచ్చా?"

"నోర్ముయ్! పండితుడి కొడుకువి, సిగ్గులేకుండా చెప్తున్నావు."

"ఎవరు నేర్పారు నాకు? ఆయన గదిలో ఆయన రాసుకునేవారు. నువ్వు తలుపు దగ్గర కూర్చుని 'నాన్న పని చేసుకుంటున్నారు, గోల చెయ్యకు' అనేదానివి. అలాగే, గోల చెయ్యలేదు. బస్!"

పొయ్యి మీద పప్పు పొంగి మంట మీద పడింది. స్వాతి వెళ్లి మంట తగ్గించింది.

"నీళ్లలో వేసేముందు ఫోన్ చేసి అడగాల్సింది కదా," అన్నారు శేషమ్మగారు, కాస్త మెత్తబడిన గొంతుతో.

"ఆవేళ మావయ్య ఐసీయూలో ఉన్నారత్తమ్మా. మీరు ఫోనెత్తితే ఏడుపు తప్ప ఏటీ వినిపించేది కాదు. బూజు పట్టిన పుస్తకం ఏం చెయ్యమంటారని అడగమంటారా?"

భాస్కరరావుగారికి స్ట్రోక్ వచ్చి శేషమ్మగారూ వీరేంద్రా చెన్నై తీసుకెళ్లినప్పుడు ఇల్లు, వాన, అలమారా అన్నీ స్వాతి నెత్తిన పడ్డాయి. ఆ దీవుల్లో వానాకాలం అంటే సగం ఏడాది. వానలు వెనకబట్టాక ఎండ మొహం చూపిన రోజున పుస్తకాలన్నీ స్లాబు మీదికి మోసి, ఒక్కోటీ విప్పి ఆరబెట్టింది. మామగారు ప్రతి ఏడూ స్వయంగా చేసుకునే పని అది. ఆయన తిరిగొచ్చేసరికి ఏ లోటూ ఉండకూడదనుకుంది. ఆ ఉబ్బిన పుస్తకం మాత్రం ఎన్నిసార్లు ఆరబెట్టినా నల్లటి బూజు వదల్లేదు.

చెత్తలో వేయడానికి మనసొప్పలేదు. బాంబూఫ్లాట్‌లో ఉన్న నాయనమ్మ అప్పలకొండమ్మకి ఫోన్ చేసింది.

"సరస్వతమ్మని సెత్తలోన ఎయ్యకూడదే," అంది ముసలమ్మ. "నిప్పులోన ఎయ్యకూడదు, కిలోల్లెక్కన అమ్మకూడదు. పసుపూ కుంకం ఎట్టీసి, కొత్త గుడ్డలోన సుట్టీసి, సముద్రం తల్లికి అప్పగించీ. మీ తాత ఉన్నన్నాళ్లూ దేవుడి పటాలు పాతబడితే అలాగే సేసీవాడు."

స్వాతి అలాగే చేసింది. ఛాథమ్ జెట్టీలో ఫెర్రీ ఎక్కి, నడిమధ్యకి వచ్చాక చెప్పులు విడిచి, దణ్ణం పెట్టి మరీ వదిలింది. మామగారికి పుణ్యం వస్తుందని కూడా అనుకుంది. ఆయన బతికి ఇంటికొచ్చినప్పుడు, ఆ దణ్ణం ఊరికే పోలేదని సంతోషించింది.

"మీ వాళ్ల పద్ధతులు తెచ్చి..." అని శేషమ్మగారు మొదలుపెట్టేలోపే వీరేంద్ర లేచి నిలబడ్డాడు.

"అమ్మా, అది వదిలెయ్. పాత పంచాంగాలు నువ్వేం చేస్తావు? పారే నీళ్లలో వెయ్యమని నాకిస్తావు కదా ప్రతి ఉగాదికీ."

ఆవిడ కొంగుతో మొహం తుడుచుకున్నారు. బయట రోడ్డు మీద ఎవరో హిందీలో చేపలు కేకేసుకుంటూ వెళ్లారు.

"వాన మీదికి తోసేద్దాం," అన్నాడు వీరేంద్ర. "స్లాబు కారింది, అలమార తడిసింది, పుస్తకం పోయింది. ఎవరి తప్పూ కాదు."

"అలాగే చెప్పు," అన్నారు శేషమ్మగారు వెంటనే. "ఆయనకి షాక్ తగలకూడదన్నారు డాక్టర్లు. వానంటే ఆయనే సర్దుకుంటారు."

"తడిసినదే తెమ్మంటారు," అంది స్వాతి. "ముద్దైపోయినా తెమ్మంటారు. ఒక్కో పేజీ విడదీసి చదువుతానంటారు. ఆ ఇటలీ వాళ్లు అదే పని చేసేవారని పెళ్లైన కొత్తలో నాకు చెప్పేరు. వాళ్లకి దొరికినవి చాలా వరకు అలాంటివేనట."

వీరేంద్ర మళ్లీ స్టూలు మీద కూలబడ్డాడు.

"అయితే ఏమంటావు?"

"నేను చెప్పీస్తాను."

"చెప్పకు." శేషమ్మగారు కోడలి చెయ్యి పట్టుకున్నారు. పట్టు గట్టిగా ఉంది గానీ అందులో కోపం లేదు. "నీ కాళ్లు పట్టుకుంటాను, చెప్పకు. ఇదివరకటి మనిషి కాదు ఆయన. నిన్న నా పేరు కోసం తడుముకున్నారు, చూశావా? 'ఇదిగో, ఇదిగో' అన్నారు. ఆ పుస్తకం వస్తుందనే ఆశ మీద కూర్చుంటున్నారు, లేస్తున్నారు. అది కూడా లాగేస్తే ఇంక లేవరు."

"రేపు యుగంధర్‌గారి ముందు తెలిస్తే అత్తమ్మా? పరాయి మనిషి ముందు?"

శేషమ్మగారు చెయ్యి వదిలేశారు. కిటికీ వైపు తిరిగి, ఎవరితోనో అన్నట్టు అన్నారు:

"ఆ పుస్తకాన్ని సముద్రంలో పారేద్దామని నేనెన్నిసార్లు అనుకున్నానో! పెళ్లాం పక్కనుంటే పలకని మనిషి, ఆ పేజీలతో తెల్లారగట్లే మాట్లాడేవాడు. అనుకున్నదాన్ని నేను, చేసినదానివి నువ్వు. నిన్నెలా తిట్టను?"

ఆవిడ ఏడుస్తుంటే స్వాతి దగ్గరకెళ్లి భుజం మీద చెయ్యి వేద్దామనుకుంది. ధైర్యం చాల్లేదు. గిన్నెలో జావ పోసుకుని లోపలికి నడిచింది.

సాయంత్రం పూర్తిగా కాకముందే అక్కడ వెలుగు తగ్గిపోతుంది. గది మసగ్గా ఉంది. భాస్కరరావుగారు దిండుకి ఆనుకుని కూర్చున్నారు. కుడిచెయ్యి ఒళ్లో, ఎవరో మరిచిపోయి వదిలి వెళ్లిన వస్తువులా ఉంది.

"కూర్చో," అన్నారు. మాట కొంచెం ముద్దగా వస్తోంది, తెలుస్తూనే ఉంది. "అబద్ధం చెప్తే మీ ఆయన చెవులు ఎర్రబడతాయి. చిన్నప్పట్నుంచీ అంతే. ఇక్కణ్ణుంచి కనబడవనుకున్నాడు. గొంతులో కూడా తెలుస్తుంది. నువ్వు చెప్పు."

జావగిన్నె కింద పెట్టి స్వాతి చెప్పింది. ఎండ, బూజు, నాయనమ్మ, ఫెర్రీ. ఎక్కడా ఆగలేదు, ఆగితే మళ్లీ మొదలుపెట్టలేనని భయం. చెప్పడం అయ్యాక కూడా తలెత్తలేదు.

"వెంటనే మునిగిందా?"

"లేదు మావయ్యా. గుడ్డ ఊడిపోయింది. పేజీలు విచ్చుకుని కాసేపు తేలింది. తర్వాత ఇంజన్ నురుగులోకి వెళ్లీసింది."

"పసుపూ కుంకుమా పెట్టావా?"

"పెట్టేను."

"కొత్త గుడ్డేనా?"

"మా నాయనమ్మ ఇచ్చిన పసుపు జాకెట్టు గుడ్డ."

ఆయన నవ్వారు. నోరు ఒక పక్కకే కదిలింది. "అంత మర్యాద దానికి ఏ సభలోనూ జరగలేదమ్మా."

స్వాతి కళ్లల్లోంచి నీళ్లు జలజలా రాలాయి. గండం గడిచిందనుకుంది పిచ్చిపిల్ల. ఆయన మంచితనమే తనని ఒడ్డుకి చేర్చిందనుకుంది.

"నువ్వు దాచినవాటిలో ఒకటి తే," అన్నారాయన.

తెచ్చింది. ప్లాస్టిక్ అట్ట, లోపల మరక లేని కాగితం, ఇంకా కర్పూరం వాసన. అంత జాగ్రత్తగా దాచినందుకు ఆయన ఏదైనా మంచిమాట అంటారేమోనని, ఆ దుఃఖంలోనూ, ఒక మూల ఆశపడింది.

"నా చెయ్యి పనిచెయ్యదు. నువ్వే పట్టుకుని తిప్పు. సగం దాటాక... ఇంకా... ఇంకొక్కటి. ఆగు."

ఎడమచేతి వేలు పేజీ మీద ఆనించి, వెలుతురు కోసం మెడ చాచి, ఆయన కూడబలుక్కుని చదివారు:

"'తల్లి భాష నోట ఉండీ కంటికి అందనివాడు సగమే మనిషి. మిగతా సగం అతని లోపలే చీకట్లో మగ్గిపోతుంది.'"

స్వాతికి మొదట ఏమీ అనిపించలేదు. ఆ తర్వాత మొహం వేడెక్కింది.

"నా గురించా మావయ్యా?"

"నువ్వప్పటికి పుట్టలేదు." ఆయన కళ్లు దించుకున్నారు. "అయినా నీ గురించే. నా కొడుకు గురించి కూడా. కొత్తగా వచ్చాను ఇక్కడికి. పిల్లలు తెలుగు మాట్లాడుతూ హిందీ చదువుతుంటే ఒళ్లు మండిపోయింది. లాటిన్ పక్కన పెట్టి ఇంటి భాషలో రాసిన ఇటలీ వాళ్లని పొగుడుతూ మొదలుపెట్టి, ఇటు తిరిగి మీమీద పడ్డాను. ఈ వాక్యానికే చప్పట్లు కొట్టారు. దీనికే శాలువా కప్పారు."

"తర్వాత?"

"తర్వాత ఇక్కడే ఉండిపోయాను కదా. మనుషుల్ని చూశాను. మీ నాయనమ్మకి ఒక్క అక్షరం రాదు. మీ పెళ్లిమాటలకి వచ్చినప్పుడు తన ఊరు, తన పడవ, పోయిన మొగుడు సూరయ్య, అన్నీ ఓ పూటంతా చెప్పింది. ఆవిడలో ఏ సగం చీకట్లో ఉంది? నాకు తల తీసేసినట్టయింది. అంతకు ముందే ఒక మాట మార్చాను. ఆవేళ వాక్యమే కొట్టేశాను. నువ్వీ ఇంటికొచ్చాక ఆ అధ్యాయం మొత్తం అంచుల్లో మళ్లీ రాశాను."

ఆయన ఊపిరి తీసుకోవడానికి ఆగారు.

"మచ్చలేనివి దాచానంటున్నావు తల్లీ. తప్పంతా వీటిలోనే ఉంది. రేపు యుగంధర్ పట్టుకెళ్లి అచ్చువేసేది ఇదే. నేను పోయాక నా మాటగా మిగిలేదీ ఇదే."

జావ చల్లారి మీగడ కట్టింది. స్వాతి ఆ పేజీ వైపు చూస్తూ ఉండిపోయింది. నల్లటి అక్షరాలు వరసగా నిలబడి ఉన్నాయి. వాటిలో ఏది తనని సగం మనిషి అన్నదో ఆమెకు తెలియదు. నిజానికి ఆ క్షణంలో లేచి వెళ్లిపోవాలనిపించింది. ఫెర్రీ ఎక్కి నాయనమ్మ దగ్గరికి పోయి ఆవిడ ఒళ్లో తలపెట్టుకుని ఏడవాలనిపించింది.

వెళ్లలేదు. బల్ల మీద ఉన్న పెన్నూ, వెనకవైపు ఖాళీగా ఉన్న మందుల చీటీ కాగితమూ తీసుకుంది.

"కొట్టేసి ఏం రాసేరు మావయ్యా?"

ఆయన తలెత్తారు.

"చెప్పండి. నేను రాసుకుంటాను. మాట తెలుగే, అక్షరాలు హిందీవి. రేపు యుగంధర్‌గారికి నేనే చదివి వినిపిస్తాను. ఆయన తెలుగులో రాసుకుంటారు. అలాగైతే అవుతుంది కదా? ఎన్నాళ్లైనా పర్వాలేదు, నేను సెలవు పెడతాను."

భాస్కరరావుగారి కళ్లల్లో వెలుగొచ్చింది. ఆస్పత్రి నుంచి వచ్చాక ఆమె ఆ వెలుగు చూడ్డం ఇదే మొదలు. ఎడమచేత్తో దుప్పటి పక్కకి తోసి, నిటారుగా కూర్చున్నారు. క్లాసులో పాఠం మొదలుపెట్టే ముందు చేసినట్టు గొంతు సవరించుకున్నారు.

"రాసుకో. 'మనిషి...'"

స్వాతి రాసింది.

"'మనిషి...'"

ఆమె ఎదురుచూసింది. ఆయన పెదవులు కదిలాయి గానీ మాట రాలేదు. కళ్లు గోడ మీదా, అలమార మీదా, తన చేతి మీదా వెతికాయి. నుదుటిమీద చెమట పట్టింది.

"పెద్దదే రాశానమ్మా," అన్నారు మెల్లగా. "చాలా పెద్దది. బాగుంది కూడా. యుగంధర్‌కి ఫోన్‌లో చెప్పాను, బాగుందని. ఏమని రాశాను?"

"తొందరేం లేదు మావయ్యా. నెమ్మదిగా."

"ఏమని రాశాను?"

ఆ గొంతు విని శేషమ్మగారు పరుగున వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. వెనకాల వీరేంద్ర. భాస్కరరావుగారు భార్య వైపు ఆశగా చూశారు. ఈసారి పేరు తడుముకోలేదు.

"శేషూ, నీకు తెలుసు కదూ? ఆ వాక్యం కొట్టేసి నేనేం రాశానే?"

శేషమ్మగారు గుమ్మం పట్టుకున్నారు. ఏదో ఒకటి చెప్పెయ్యాలని ఆవిడ నోరు తెరవడం స్వాతి చూసింది. ఆవిడ ఎంత చిన్న అబద్ధం చెప్పినా సరే, ఆ క్షణంలో స్వాతి దాన్నే కాగితం మీద రాసేసేలా ఉంది.

"నాకెప్పుడు వినిపించారండీ?" అన్నారావిడ.

ఆయన కొంచెంసేపు ఆవిడనే చూశారు. తర్వాత కోడలి చేతిలోని కాగితం వైపు తిరిగి, మళ్లీ మొదట్నుంచి మొదలుపెట్టారు.

"మనిషి..."